తెల్ల ధాన్యం కడుపున ఎర్ర గింజ
పాఠకుల ప్రశ్నలు – జవాబులు

ఈ నెల వచ్చిన ఉత్తరాల్లో చాలావాటి సారాంశం ఒక్కటే: లేనిది ఎక్కణ్ణుంచి ఊడిపడింది, ఉన్నది ఎక్కడికి పోయింది? వరికీ కోడికీ కొబ్బరికీ మనిషికీ లెక్క ఒకటే కాబట్టి అది ముందే చెప్పేస్తే ప్రతి జవాబులోనూ మళ్ళీ మొదలెట్టక్కర్లేదు.

దాదాపు ప్రతి జన్యువూ మనలో రెండు ప్రతులుగా ఉంటుంది. ఒకటి తల్లి ఇచ్చింది, ఒకటి తండ్రి ఇచ్చింది. పాత తాళపత్రాల్లో ఒకే పద్యానికి పాఠాంతరాలు ఉన్నట్టు, ఒకే జన్యువుకు కూడా కొద్దికొద్ది తేడాలున్న పాఠాలు ఉంటాయి. వాటినే యుగ్మవికల్పాలు అంటారు. కాలేజీ పిల్లలు అల్లీల్స్ అంటారు. ఒక్క ప్రతి ఉన్నా పైకి కనబడితే అది బహిర్గతం. రెండు ప్రతులూ అదే అయితేనే కనబడేది అంతర్గతం. బహిర్గతం అంటే బలమైనదనీ, మంచిదనీ, ఎక్కువమందిలో ఉండేదనీ చాలామంది అనుకుంటారు. మూడూ తప్పే. ఆ మాటకు అర్థం ఒక్కటే: అది దాక్కోలేదు.

మా చేలో మూడేళ్ళుగా ఇంటి విత్తనమే, ఎంటీయూ 7029, అదే స్వర్ణ. నిరుడు సార్వాలో (ఖరీఫ్‌లో) పక్క చేలో వెదజల్లిన వరిలో ఎర్ర బియ్యం మొక్కలు పడ్డాయి. మా చేలో ఒక్కటీ లేదు. వడ్లు గుప్పెళ్ళతో ఒలిచి చూసుకుని, అన్నీ తెలుపేనని నమ్మకం కుదిరాకే విత్తనానికి దాచాం. ఈ సార్వాలో అక్కడక్కడ దుబ్బుకు దుబ్బు ఎర్ర గింజే. విత్తనం మొత్తం మార్చెయ్యాలా? – ఒక రైతు, పెనుగొండ

మీరు ఒలిచి చూడటంలో తప్పు లేదు. కాకపోతే ఆ పరీక్షకు సంకర గింజ దొరకదు, ఎందుకంటే బియ్యపు గింజకు ఎరుపు వచ్చేది తవుడులోని బయటి పొర వల్ల. ఆ పొర పిల్లది కాదు, తల్లి మొక్క ఒంటిలో భాగం. నిరుడు పక్క చేలోంచి పుప్పొడి వచ్చి మీ కంకి మీద పడి గింజ కట్టినా, లోపలి పిండం సంకరమే గాని దాని పైన కప్పిన పొర మీ స్వర్ణది. కాబట్టి తెల్లగానే ఉంటుంది. ఆ గింజ ఈ సార్వాలో మొక్కై కంకి వేసినప్పుడు ఆ కంకిలోని గింజలన్నిటికీ పొరను ఇచ్చేది ఆ సంకర మొక్కే. ఎరుపు బహిర్గతం కాబట్టి దుబ్బులోని కంకులన్నీ ఎర్రబడతాయి. సంకరం జరిగిన ఏడు కనబడదు, మరుసటి పంటకు బయటపడుతుంది. మీ చేలో జరిగింది అదేనని ఉత్తరంలోని వివరాలు చెబుతున్నాయి.

ఎరుపుకు కారణమైన జన్యువు ఆర్‌సీ. తెల్ల బియ్యపు రకాల్లో అత్యధిక భాగం ఈ జన్యువులో పద్నాలుగు అక్షరాలు ఊడిపోయిన పాఠాన్ని మోస్తున్నాయి. అక్షరాలు ఊడితే జన్యువు పని ఆగిపోతుంది, రంగు పుట్టదు. అంటే అడవి వరికి సహజమైన రంగు ఎరుపు. మనం ఇష్టంగా తినే తెలుపు చెడిపోయిన ప్రతి. చెడింది కాబట్టి అంతర్గతం.

వరి తన పుప్పొడితోనే గింజ కట్టే పంట, సంకరం సాధారణంగా నూటికి ఒకటి కూడా ఉండదు. అయినా లెక్క చూడండి. స్వర్ణ వెయ్యి గింజలు సుమారు 20 గ్రాములు. ఎకరాకు దాచే 25 కిలోల్లో పన్నెండున్నర లక్షల గింజలు. పదివేలకు ఒక్క గింజ సంకరమైనా 125 ఎర్ర దుబ్బులు. మీకు "అక్కడక్కడ" కనిపించినవి ఆ మాత్రమే ఉండి ఉంటాయి.

విత్తనం మొత్తం పారెయ్యక్కర్లేదు. ఎరుపు దాక్కోలేదన్నదే ఇక్కడ మీకు కలిసొచ్చేది. ఎర్ర దుబ్బులన్నీ పీకేస్తే మిగిలిన తెల్ల మొక్కల్లో ఎరుపు పాఠం మిగలదు, తరాల తరబడి దాగి వచ్చే భయం లేదు. కానీ పీకడం కోతకు ముందు, పాలు పోయి గింజ గట్టిపడ్డాక చెయ్యాలి. అంతకుముందు ఒలిస్తే రంగు తెలియదు. పిలక దశలోనూ పూత దశలోనూ ఎత్తూ ఆకు రంగూ తేడాగా ఉన్న కేళీలను, అంటే ఆ రకానికి చెందని మొక్కలను, ముందే తీసేసి ఉంటే చివర ఒలిచే పని సగం తగ్గుతుంది. చేను మొత్తం ఒలవలేరు కదా. విత్తనానికి పది సెంట్లు గట్టుకు దూరంగా, చేను నడుమ గుర్తు పెట్టుకుని దాన్నే గట్టిగా ఏరండి. పక్క రకానికి మూడు మీటర్లు ఎడం ఉండాలన్నది విత్తన ధ్రువీకరణ నియమం. ధ్రువీకృత విత్తన చేలో కేళీలు నూటికి 0.20 మించకూడదు, మూల విత్తనంలో 0.05.

అసలు ఇది సంకరమా, కల్తీయా అన్నది తేల్చుకోవాలంటే ఒక ఎర్ర దుబ్బు కంకిని విడిగా దాచి, దాళ్వాలో (రబీలో) ఒకే వరసలో కనీసం పదహారు మొక్కలు నాటండి. ఒక్కో మొక్క గింజ విడిగా ఒలవండి. అన్నీ ఎరుపే అయితే అది స్థిరపడ్డ ఎర్ర రకం, అంటే ఎవరి సంచిలోంచో, యంత్రంలోంచో వచ్చిన కల్తీ. సుమారు ముప్పావు వంతు ఎరుపు, పావు వంతు తెలుపు వస్తే సంకరం. పదహారే ఎందుకంటే సంకరమై ఉండి కూడా పదహారులో ఒక్క తెల్ల మొక్కా పడకపోయే అవకాశం నూటికి ఒకటి మాత్రమే.

కల్తీ అని తేలితే నేరం చాలాసార్లు వరికోత యంత్రానిది. ముందు చేలో గింజలు దాని కడుపులో మిగిలిపోతాయి. మీ చేలో దిగాక మొదటి రెండు మూడు బస్తాలు తిండికి పక్కన పెట్టి, ఆ తర్వాత వచ్చేదే విత్తనానికి తీయండి. ఇంకో తలనొప్పి ఉంది. కలుపు వరిలా పెరిగే ఎర్ర వరి గింజలు కోతకు ముందే రాలి, నేలలో నిద్రపోయి, తర్వాతి పంటలో లేస్తాయి. అవి రాలిన మడిలో ఒక సార్వా వెదజల్లడం మానండి. నీరు పెట్టి, లేచిన మొలకలను రెండు వారాలయ్యాక దమ్ములో తొక్కించి ఊడ్పు పెట్టండి. ఊడ్చిన వరసల మధ్య లేచింది పరాయిదని కంటికే తెలుస్తుంది, వెదజల్లిన చేలో తెలియదు.

మునిగినా చావదని స్వర్ణ సబ్1 వేశాం. ఆగస్టులో పదకొండు రోజులు నీళ్ళలో ఉండి నిజంగానే లేచింది. నవంబరు తుపానుకు మాత్రం పడిపోయి మొలకెత్తిపోయింది. పైగా వడ్ల రంగు మామూలు స్వర్ణలా లేదని మిల్లులో పేచీ. అంటగట్టింది వేరే విత్తనమా? – ఒక కౌలు రైతు, ముమ్మిడివరం

ఆగస్టులో లేచిందంటే విత్తనం అసలుదే. రంగు తేడా కూడా అందుకు సాక్ష్యమే. స్వర్ణ వడ్లు ముదురు బంగారు రంగు, సబ్1 వడ్లు గడ్డి రంగు. ముంపును తట్టుకునే జన్యువూ పొట్టు రంగును నిర్ణయించే జన్యువూ తొమ్మిదో క్రోమోజోమ్ మీద ఇరుగుపొరుగు. ఒడిశా రకం ఎఫ్‌ఆర్13ఏ నుంచి ముంపు గుణం తెచ్చుకుంటున్నప్పుడు పక్కింటి రంగు కూడా వెంట వచ్చేసింది. ఒకే క్రోమోజోమ్ మీద దగ్గరగా ఉన్నవి అంత తేలిగ్గా విడిపోవు. మిల్లువారికి ఇది చెప్పండి. బియ్యం మాత్రం స్వర్ణ బియ్యమే.

స్వర్ణ సబ్1 2009లో మన దేశంలో విడుదలైంది. జన్యుమార్పిడి పంట కాదు. స్వర్ణతో మళ్ళీ మళ్ళీ సంకరపరచి, తమకు కావాల్సిన పాఠం పిల్లలో ఉందో లేదో ప్రతి తరంలోనూ డీఎన్ఏ గుర్తులతో చూసుకుంటూ తయారుచేశారు.

ఇక ఆ పాఠం చేసే పని. మామూలు వరి మునిగితే గాలి కోసం గబగబా ఎత్తు పెరుగుతుంది. దాచుకున్న పిండిపదార్థం అంతా ఆ పరుగులో ఖర్చు చేసి, నీరు దిగాక నిలబడలేక చస్తుంది. సబ్1ఏ జన్యువుకున్న తట్టుకునే పాఠం ఆ పరుగును ఆపుతుంది. మొక్క ఊపిరి బిగబట్టి కూర్చుంటుంది. సుమారు రెండు వారాలు, అదీ పిలక దశలో. ఇంతే దాని ఒప్పందం. విత్తిన వెంటనే మునిగితే కాపాడదు, పూత మీద మునిగితే కాపాడదు. నడుం లోతు నీరు నెలల తరబడి నిలిచే పల్లపు చేలలో అసలు ఎత్తు పెరగడమే కావాలి, అక్కడ ఈ గుణం అక్కరకు రాదు. పండిన చేను గాలికి పడిపోవడం, పడ్డ కంకి మొలకెత్తడం వేరే జన్యువుల చేతిలోనివి. ఒక్క పాఠాన్ని చూసి "వరద వరి" అని పేరు పెట్టి అమ్మడం వల్లే ఈ నిష్ఠూరాలు.

నీరు దిగిన మర్నాడే యూరియా చల్లకండి. వేళ్ళు తేరుకుని కొత్త ఆకు తొంగిచూసేదాకా, అయిదారు రోజులు ఆగి, ఎకరాకు 20 కిలోల యూరియా, దానితో పాటు కొంత పొటాష్ వేయండి. విత్తనం ఇంట్లో దాచుకోవచ్చు. అది స్థిరపడ్డ రకం, హైబ్రిడ్ కాదు.

మా అబ్బాయి తలసీమియా మేజర్‌తో ఆరేళ్ళకే దాటిపోయాడు. మా అమ్మాయికి ఇప్పుడు ఇరవై మూడు. నా తమ్ముడికే ఇద్దామని పుట్టింటివాళ్ళు పట్టుబడుతున్నారు. ఇద్దరూ నిక్షేపంలా ఉన్నారు, మా వంశంలో అంతకుముందు ఈ జబ్బు ఎరగం. అయినా నాకు గుండె దడ. – ఒక తల్లి, రామచంద్రపురం

అమ్మా, మీ దడ అనవసరమైనది కాదు. లెక్క వేసి చూపిస్తాం, మీ పుట్టింటివారికి కూడా చదివి వినిపించండి.

తలసీమియా మేజర్ అంటే రక్తంలో హిమోగ్లోబిన్ సరిగా తయారవని జబ్బు. అది రావాలంటే పదకొండో క్రోమోజోమ్ మీద ఉన్న బీటా గ్లోబిన్ జన్యువు రెండు ప్రతులూ చెడి ఉండాలి. మీ బాబుకు ఒకటి మీరిచ్చారు, ఒకటి మీవారిచ్చారు. అంటే మీరిద్దరూ ఒక్కో చెడ్డ ప్రతిని మోస్తున్న వాహకులు, తలసీమియా మైనర్. రెండో ప్రతి బాగుంది కాబట్టి మీకు జబ్బు లేదు. "వంశంలో ఎరగం" అన్నదానికి కారణం కూడా ఇదే. అంతర్గత పాఠం ఎన్ని తరాలైనా చప్పుడు చెయ్యకుండా దిగిరాగలదు. రెండు ఒకచోట కలిసినప్పుడే బయటపడుతుంది.

మీ ప్రతి మీకు మీ అమ్మానాన్నల్లో ఒకరి నుంచి వచ్చింది. అదే ప్రతి మీ తమ్ముడికీ వచ్చి ఉండే అవకాశం సగం. మీ అమ్మాయి సంగతికొస్తే, వాహకులైన దంపతులకు పుట్టే నలుగురిలో సగటున ఒకరు రోగి, ఇద్దరు వాహకులు, ఒకరు పూర్తిగా శుభ్రం. ఆమె రోగి కాదని తెలుసు కాబట్టి మిగిలిన మూడింట్లో రెండు వంతులు వాహకురాలు. ఇద్దరూ వాహకులైతే ప్రతి కాన్పులోనూ పావు వంతు ప్రమాదం. మూడింటినీ గుణిస్తే, సగం × మూడింట రెండు × పావు = పన్నెండింట ఒకటి. అదే మీ అమ్మాయిని బయటి సంబంధానికి ఇస్తే, వందలో ముగ్గురు వాహకులున్న జనాభాలో, రెండు వందల్లో ఒకటి. తేడా అంత.

ఇవన్నీ పరీక్ష చేయించనంతసేపే అంచనాలు. చేయిస్తే తేలిపోతుంది. ఇద్దరికీ ముందు మామూలు రక్త పరీక్షలో ఎర్ర కణం పరిమాణం (ఎంసీవీ) 80 కన్నా, ఒక్కో కణంలోని హిమోగ్లోబిన్ (ఎంసీహెచ్) 27 కన్నా తక్కువగా ఉన్నాయేమో చూస్తారు. దాంతో ఆగకుండా హెచ్‌పీఎల్‌సీ అనే పరీక్షలో హిమోగ్లోబిన్ ఏ2 ఎంతుందో చూడాలి. 3.5 శాతం దాటితే వాహకులనే అర్థం. ఇక్కడ రెండు చోట్ల పొరపాటు జరుగుతుంది. ఐరన్ బాగా తక్కువగా ఉంటే ఏ2 విలువ తగ్గి, వాహకులు కూడా మామూలుగా కనబడవచ్చు. మన ఆడపిల్లల్లో ఐరన్ లోపం ఎంత సాధారణమో మీకు చెప్పక్కర్లేదు. ఐరన్ మాత్రలతో సరిచేసుకుని మళ్ళీ చూడాలి. ఈ మధ్య రక్తం ఎక్కించుకున్నా పరీక్ష తప్పుతుంది, మూడు నెలలు ఆగాలి. సరిహద్దు విలువ వస్తే డీఎన్ఏ పరీక్ష. మీవి, మీవారివి రక్త నమూనాలు కూడా ఇస్తే వెతకాల్సిన మార్పు ఏదో ముందే తెలుస్తుంది, పని సులువవుతుంది. అదే హెచ్‌పీఎల్‌సీలో సికిల్ సెల్ అనే మరో రక్త జబ్బు వాహకులు కూడా పట్టుబడతారు. ఒకరు సికిల్, మరొకరు తలసీమియా వాహకులైనా బిడ్డకు జబ్బే.

ఇద్దరిలో ఏ ఒక్కరు వాహకులు కాకపోయినా బిడ్డకు మేజర్ రాదు. ఇద్దరూ వాహకులని తేలితే సంబంధం మానుకోవడమే తేలికైన దారి. కాదు చేసుకుంటామంటే గర్భం 11–13 వారాల మధ్య మాయ నుంచి చిన్న ముక్క తీసి పరీక్షించే వీలుంది. "మొదటి ఇద్దరూ బాగానే పుట్టారు కదా, లెక్క తీరిపోయింది" అనుకోవద్దు. ప్రతి కాన్పుకూ పావు వంతు కొత్తగా మొదలవుతుంది.

జబ్బు చరిత్ర లేని ఇళ్ళవాళ్ళు కూడా మేనరికం గురించి తరచు రాస్తుంటారు కాబట్టి ఒక మాట. మేనబావ, మేనమరదళ్ళ బిడ్డలో పదహారింట ఒక జన్యువుకు రెండు ప్రతులూ ఒకే పూర్వీకుడి ప్రతికి నకళ్ళు. మేనమామ, మేనకోడళ్ళ బిడ్డలో అది ఎనిమిదింట ఒకటి. జనాభాలో వంద ప్రతుల్లో ఒకటి చెడి ఉన్న జన్యువును తీసుకుంటే, చుట్టరికం లేని జంటకు రోగి బిడ్డ పుట్టే అవకాశం పదివేలకు ఒకటి. మేనబావతో దాదాపు పద్నాలుగు వందలకు ఒకటి, మేనమామతో సుమారు ఏడు వందల యాభైకి ఒకటి. మేనరికం చెడ్డ పాఠాలను పుట్టించదు. విడిగా ఉన్నవాటిని ఒక గూటికి చేరుస్తుంది. జాతకాలు చూపించే రోజునే ఈ రక్త పరీక్ష కూడా చేయిస్తే ఒక్క పూట పని.

నా దగ్గర రెండు సేతువ పుంజులున్నాయి, రెండూ మల్లెపువ్వుల్లా తెలుపు. ఒకదాన్ని డేగ (ఎర్ర రంగు) పెట్టతో వదిలితే పిల్లలన్నీ రంగువే. రెండోదాన్ని అదే పెట్టతో వదిలితే అన్నీ తెల్లటివే, కొన్నిటికి నల్ల చుక్కలు, మెడ మీద ఎర్ర జీర. గుడ్లు మారిపోయాయా? – ఒక పాఠకుడు, భీమవరం

మారలేదు. మీవి రెండు వేర్వేరు తెలుపులు. కుక్కుట శాస్త్రం కంటితో చూసి రెంటికీ సేతువ అనే పేరు పెట్టింది, జన్యువుల్లో అవి చుట్టాలు కూడా కావు.

మొదటి పుంజుది అంతర్గత తెలుపు. రంగు తయారీలో మొదటి మెట్టైన టైరోసినేజ్ జన్యువు రెండు ప్రతులూ చెడ్డాయి. పెట్ట ఒక మంచి ప్రతి ఇచ్చేసరికి పిల్లల్లో రంగు తిరిగొచ్చింది. ఆ రంగు పిల్లలన్నీ లోపల తెలుపు మోస్తున్నాయి. వాటిలో ఒక పెట్టను మళ్ళీ తండ్రితోనే కలిపితే సగం తెల్లవి వస్తాయి. రెండో పుంజుది బహిర్గత తెలుపు, పీఎంఈఎల్17 అనే వేరే జన్యువుది. ఒక్క ప్రతితోనే నలుపును చెరిపేస్తుంది, కానీ పూర్తిగా కాదు. ఒక్క ప్రతి ఉన్న పిల్లల్లో అక్కడక్కడ నల్ల చుక్కలు జారిపోతాయి. ఎరుపు మీద దాని పట్టు ఇంకా తక్కువ. డేగ పెట్ట బిడ్డల మెడ మీద మీరు చూసిన జీర అదే. పిల్లలన్నీ తెల్లవే వచ్చాయి కాబట్టి ఈ పుంజులో రెండు ప్రతులూ తెలుపువే కావచ్చు. సగం రంగువి వస్తే ఒక్కటే అని అర్థం.

ఇదే పద్ధతితో జుట్టు కూడా పరీక్షించవచ్చు. అసీల్ కోళ్ళకు ఉండే పొట్టి, మూడు వరసల జుట్టు బహిర్గతం. రంపంలా నిటారుగా లేచేది అంతర్గతం. అసలైన అసీల్ అని కొన్న పుంజును రంపపు జుట్టు పెట్టతో వదలండి. ఏడు పిల్లలకూ పొట్టి జుట్టే వస్తే, జుట్టు జన్యువులో పరాయి ప్రతి ఉండి కూడా అలా జరిగే అవకాశం నూటికి ఒకటి లోపే. ఒక్క పిల్లకు రంపపు జుట్టు వచ్చినా పుంజులో పరాయి ప్రతి ఉన్నట్టే.

ఉత్తరం చివర అడిగిన "పోరు గుణం ఏ జన్యువు" అన్నదానికి ఒక్క జన్యువు పేరు చెప్పడం కుదరదు. అటువంటి గుణాల్లో ఎన్నో జన్యువులకూ పెంపకానికీ తలా కొంత వాటా. కత్తి కట్టే పందేలు చట్టవిరుద్ధం, వాటికి సలహా ఈ శీర్షికలో దొరకదు.

గోదావరి గంగ కొబ్బరి చెట్లు మా తోటలో విరగకాస్తున్నాయి. ఆ కాయలే మొలకెట్టి నాటుకుంటే నర్సరీ ఖర్చు మిగలదా? ఇంకొకటి, ఒకచోట నారింజ రంగు కాడలున్న మొలకలు చూపించి ఇవే హైబ్రిడ్ అన్నారు. – ఒక రైతు, అమలాపురం దగ్గర

మిగలదు, ఏడేళ్ళ తర్వాత నష్టం తేలుతుంది. గోదావరి గంగ అంబాజీపేటలో ఈస్ట్ కోస్ట్ పొడవు రకం తల్లిగా, పొట్టి రకమైన గంగాబొండం తండ్రిగా చేసిన సంకరం. మొదటి తరంలో ప్రతి మొక్కకూ పొడవు జాతి నుంచి ఒక ప్రతి, పొట్టి జాతి నుంచి ఒక ప్రతి అందుతాయి కాబట్టి తోటంతా ఇంచుమించు ఒకేలా కనిపిస్తుంది. ఆ చెట్ల కాయలు మొలకెట్టేసరికి పాఠాలన్నీ పేక ముక్కల్లా కలిసిపోయి, ఒక చెట్టు పొట్టి, ఒకటి పొడుగు, ఒకటి తొందరగా కాసేది, ఒకటి అసలు కాయనిది అవుతాయి. దానికి తోడు పక్క తోట పుప్పొడి. వరిలో అయితే నాలుగు నెలల్లో చూసి పీకేస్తారు; కొబ్బరిలో ఏది ఏదో తెలిసేసరికి ఎరువులు, చాకిరీ అన్నీ పోసేసి ఉంటారు.

నారింజ కాడల సంగతి తిరగబడింది. చౌఘాట్ ఆరెంజ్ డ్వార్ఫ్ అనే నారింజ రంగు పొట్టి రకం తల్లిగా, పొడవు రకం పుప్పొడితో చేసిన సంకరంలో నారింజ కాడ వచ్చిందంటే ఆ గింజ తల్లి తన పుప్పొడితోనే కట్టుకున్నది, అంటే ఉత్త పొట్టి మొక్క. నారింజ అంతర్గతం, తండ్రి నుంచి మంచి ప్రతి అందితే కాడ గోధుమ కలిసిన ఆకుపచ్చకు తిరుగుతుంది. ఉంచుకోవాల్సింది అలా రంగు తిరిగినవాటినే, నారింజవి ఏరి పారెయ్యాలి. మీకు చూపించినవాళ్ళు ఏరి పారేసిన కుప్పనే అమ్మబోయారేమో!

గోదావరి గంగలో తల్లీ తండ్రీ ఇద్దరిలోనూ ఈ నారింజ లేదు కాబట్టి రంగు పరీక్ష పనిచెయ్యదు. అక్కడ చూడాల్సింది మొలక దూకుడు. అయిదు నెలల్లోపు మొలిచినవి తీసుకోండి, ఆరు నెలలు దాటినా మొలవని కాయలు వదిలెయ్యండి. నాటే వేళకు, అంటే 9–12 నెలల వయసులో, కనీసం ఆరు ఆకులు, మొదలు చుట్టుకొలత 10 సెంటీమీటర్లు ఉండాలి. ఇంటి కాయే నాటాలని పట్టుదలైతే హైబ్రిడ్ వదిలేసి దేశవాళీ పొడవు చెట్ల జోలికి వెళ్ళండి. ఇరవై ఏళ్ళు దాటి, ఏటా ఎనభై కాయలకు తగ్గకుండా, ఏటా సమంగా కాసే చెట్టు నుంచి 11–12 నెలల కాయ దించి మొలకెట్టండి.

నాది ఏ గ్రూపు, మా ఆవిడది బి. బాబుది ఓ వచ్చింది. ఇంట్లో పెద్దవాళ్ళ చూపులు బాగోలేదు. – రాజోలు

చూపులు సరిచేసుకోమనండి. ఏ, బి పాఠాలు రెండూ బహిర్గతమే. రెండూ కలిస్తే ఏబీ. ఓ పాఠంలో ఒక్క అక్షరం ఊడి జన్యువు పనిచెయ్యకుండా పోయింది, కాబట్టి అంతర్గతం. మీలో ఏ పక్కన ఓ, మీ ఆవిడలో బి పక్కన ఓ దాగి ఉన్నాయి. ఇటువంటి జంటకు ఏ, బి, ఏబీ, ఓ నాలుగూ తలా పావు వంతు వస్తాయి. తల్లిదండ్రుల్లో ఒకరు ఏబీ అయి బిడ్డ ఓ అయినప్పుడు మాత్రం మొదట మూడు నమూనాలూ మళ్ళీ పరీక్షించాలి, ఎక్కువసార్లు తప్పు చీటీలోనే ఉంటుంది. అప్పటికీ అదే వస్తే 1952లో ముంబైలో మొదట గుర్తించిన బాంబే గ్రూపేమో చూడాలి. ఆ గ్రూపువారిలో ఏ, బిలకు పునాది అయిన హెచ్ పదార్థమే తయారవదు, ఓ గ్రూపులా కనబడతారు. వారికి మామూలు ఓ రక్తం కూడా ఎక్కించకూడదు. ఇంతకీ మీ ఆవిడ ఆర్‌హెచ్ నెగటివా? బాబు పాజిటివైతే కాన్పైన 72 గంటల్లో యాంటీ డి ఇంజెక్షన్ పడిందో లేదో కాగితాల్లో చూసుకోండి. చూపులకన్నా అది ముఖ్యం.

"ఏ2 పాలు" అని లీటరుకు రెట్టింపు తీసుకుంటున్నారు. మాది గేదె పాడి. మేమూ ఏ2 చేసుకోవాలంటే? – తణుకు

చేసుకునేదేం లేదు, గేదె పాలు అన్నీ ఏ2లే. తేడా ఆవుల్లోనే. బీటా కేసీన్ అనే పాల ప్రోటీన్‌లో 67వ స్థానంలో ప్రోలీన్ ఉంటే ఏ2, హిస్టిడీన్ ఉంటే ఏ1. ఒంగోలు వంటి దేశవాళీ ఆవుల్లో ఏ2 పాఠమే ప్రధానం. జెర్సీ, హెచ్‌ఎఫ్ (హోల్‌స్టీన్ ఫ్రీజియన్) సంకరాల్లో రెండూ తగుల్తాయి. రెండు పాఠాలూ ఉన్న ఆవు రెండు రకాల ప్రోటీనూ పాలలోకి వదులుతుంది. అటువంటి ఆవుకు రెండు ప్రతులూ ఏ2 అయిన ఆబోతు వీర్యం ఎక్కిస్తే దూడల్లో సగం శుద్ధ ఏ2. ఏది ఏదో చూసి చెప్పలేం, తోక వెంట్రుకలు కుదుళ్ళతో సహా పీకి డీఎన్ఏ పరీక్షకు పంపాలి. రెట్టింపు ధర పెట్టే ముందు అమ్మేవాళ్ళను ఆ పరీక్ష చీటీ అడగండి.

బంగినపల్లి టెంక పెరట్లో పాతితే పదేళ్ళకు పుల్లటి పీచు కాయ కాసింది. – కడియం

నర్సరీల ఊరు కడియంలో ఉండి ఈ ప్రశ్న! బంగినపల్లి టెంకలో ఉండేది ఒకే పిండం, అది సంకరం. తల్లి చెట్టులో జతలుగా ఉన్న పాఠాలు విడిపోయి, ఏ చెట్టు పుప్పొడో వచ్చి కలిసి కొత్త కాయ పుట్టింది. తల్లిని మళ్ళీ అచ్చంగా తెచ్చుకోవాలంటే అంటు కట్టడమే దారి. పెరట్లోది కొట్టెయ్యకండి, మొదలు బాగుంటే నడుం ఎత్తున నరికి, లేచిన చిగుళ్ళకు మంచి కొమ్మ అంటుకట్టించుకోండి.